మూడున్నర అడుగుల ఇల్లు: మైకేల్ రాకోవిట్జ్ శిల్పాల్లో వలస, నీడ

ఏప్రిల్ వచ్చేసరికి నూజివీడు, ఆగిరిపల్లి, ముసునూరు, చాట్రాయి మండలాల మామిడి తోటల్లో చెట్ల మధ్య చిన్న చిన్న పాకలు కనిపిస్తాయి. ఒకప్పుడు వాటి కప్పు తాటాకు. ఇప్పుడు టార్పాలిన్ పట్టా, విప్పి కుట్టిన ఎరువుల సంచులు, ఎన్నికలైపోయాక దించేసిన ఫ్లెక్సీ. పిందె నిలిచిన దగ్గర్నుంచి కాయ కోత ముగిసేదాకా తోటకు కాపలా కాసే కుటుంబం ఆ పాకలోనే వండుకుంటుంది, ఆ పాకలోనే పడుకుంటుంది. తోట ఒకరిది. కాపు మీద కొనుక్కున్న వ్యాపారి మరొకరు. చిక్కంతో కాయ దించేవాళ్లు, సొన కారే కాయను తుడిచి ఏరి పెట్టేవాళ్లు, లారీలకు ఎత్తేవాళ్లు వేరు. ఈ చివరి వరసలో ఎక్కువగా ఉండేది దళితులు, యానాదులు, భూమి లేని వెనకబడిన కులాల వాళ్లు. ఆఖరి లారీ నున్న మార్కెట్ దారి పట్టాక పాక కూడా లేచిపోతుంది. చిన్నరసం తీపి గురించి, బంగినపల్లి ధర గురించి ఏటా పత్రికలు రాస్తాయి. ఆ పాక సంగతి వార్త కాదు.

ఇలాంటి పాకను శిల్పం అని మన దగ్గర ఎవరూ అనరు. అయితే సరిగ్గా ఇలాంటి కప్పు చుట్టూనే పాతికేళ్లకు పైగా పనిచేస్తున్న శిల్పి ఒకాయన ఉన్నారు. పేరు మైకేల్ రాకోవిట్జ్. ఆయన పనులను ఇక్కడ పరిచయం చేస్తున్నాం. నీడ లేనివాళ్లకు నీడ ఎలా ఉండాలో ఎవరు చెప్పాలన్న ప్రశ్నను ఆయన శిల్పం ఎదుర్కొంది. ఆ ప్రశ్న మనది కూడా.

ఎవరీ శిల్పి

రాకోవిట్జ్ 1973లో న్యూయార్క్ రాష్ట్రంలోని లాంగ్ ఐలాండ్‌లో పుట్టారు. ఆయన తల్లి తరఫు వాళ్లు బాగ్దాద్ యూదులు. 1940లలో ఇరాక్ వదిలి అమెరికా చేరారు. తాతగారు న్యూయార్క్‌లో డేవిసన్స్ అండ్ కంపెనీ పేరుతో ఎగుమతి, దిగుమతుల వ్యాపారం నడిపారు. ఇంట్లో మిగిలిన ఇరాక్ అంటే ప్రధానంగా అమ్మమ్మ వంట. రాకోవిట్జ్ మసాచుసెట్స్‌లోని ఎంఐటీలో 1998లో మాస్టర్స్ పూర్తి చేశారు. ఇప్పుడు షికాగోలో ఉంటూ నార్త్‌వెస్టర్న్ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెబుతున్నారు. శిల్పకళకు ఇచ్చే పెద్ద పురస్కారాల్లో ఒకటైన నాషర్ ప్రైజ్ 2020 సంవత్సరానికి ఆయనకు దక్కింది.

ఆయన పనిలో రాయి, కంచు అరుదు. ప్లాస్టిక్ సంచులు, తినుబండారాల డబ్బాలు, పాత అరబ్బీ పత్రికలు, వంట గిన్నెలు ఆయన ముడిసరుకు. జనం తిని పారేసినవి, మోసుకొచ్చినవి, దాచుకున్నవి. మనుషులు ఒక చోటు వదిలి మరో చోటుకు చేరినప్పుడు వెంట ఏది వస్తుంది, ఏది రాదు అన్నది ఆయన వెతికే విషయం.

గాలి మీద నిలబడే ఇల్లు

1997లో రాకోవిట్జ్ జోర్డాన్ వెళ్లి బెదూయిన్ల గుడారాలను చూశారు. ఎడారిలో తిరిగే ఆ జనం గాలి ఏ వైపు నుంచి వీస్తుందో చూసుకుని గుడారం వేస్తారు. తిరిగి వచ్చాక మసాచుసెట్స్ చలికాలంలో ఆయనకు కనిపించింది మరో సంచార జీవితం. ఇల్లు లేనివాళ్లు పెద్ద భవనాల గోడల పక్కన, లోపలి వేడిగాలి బయటికి వచ్చే గొట్టాల దగ్గర పడుకుంటున్నారు. లోపలి వాళ్లకు అక్కర్లేని గాలి వాళ్లకు దుప్పటి. గాలి కూడా వాడుకోనివ్వకుండా కొన్నిచోట్ల ఆ జాలీలను మనిషి పడుకోలేనంత ఏటవాలుగా మార్చేశారు.

1998లో మొదలైన 'పారాసైట్' అక్కడ పుట్టింది. ఆ మాటకు పరాన్నజీవి అని అర్థం. ఆంగ్లంలో ఆ పదం చివరి భాగానికి స్థలం అన్న అర్థం కూడా ఉంది. రాకోవిట్జ్ ఆ భాగాన్ని పెద్దక్షరాల్లో రాశారు. పని తీరు తేలిక. ప్లాస్టిక్ సంచులను టేపుతో అతికించి రెండు పొరల గోడ చేస్తారు. ఒక కొసన ఉన్న గొట్టాన్ని భవనం వేడిగాలి బయటికి వచ్చే చోట తగిలిస్తారు. గాలి రెండు పొరల మధ్య నిండి గుడారం లేచి నిలబడుతుంది, లోపల వెచ్చగా ఉంటుంది. అక్కర్లేనప్పుడు మడిచి చంకలో పెట్టుకోవచ్చు. ఖర్చు సుమారు 5 డాలర్లు. వీటిని ఇల్లు లేనివాళ్ల కోసమే తయారుచేసి ఉచితంగా ఇచ్చారు. బోస్టన్, కేంబ్రిడ్జ్, న్యూయార్క్ వీధుల్లో వాటిలో నిజంగానే మనుషులు నిద్రపోయారు.

ఈ పనిలో మాకు అన్నిటికన్నా విలువైనదిగా కనిపించే సంగతి చిన్నది. మొదటి నమూనాను రాకోవిట్జ్ నల్ల సంచులతో చేశారు. వీధిలో పడుకునే మనిషికి చాటు కావాలి కదా అన్నది ఆయన ఊహ. దాన్ని వాడబోయేవాళ్లు వద్దన్నారు. వాళ్లకు కావలసింది చాటు కాదు, భద్రత. రాత్రి ఎవరైనా కొట్టడానికి వస్తుంటే లోపలి నుంచి కనబడాలి. తాము ఉన్నామని బయటి వాళ్లకూ కనబడాలి. దాంతో తర్వాతి గుడారాలు పారదర్శకమైన సంచులతో తయారయ్యాయి. వాడేవాళ్లు చెప్పిన కొలతలతో, వాళ్లు చెప్పిన చోట కిటికీలతో.

చదువుకున్న కళాకారుడి సానుభూతి నల్ల సంచి దగ్గర ఆగిపోయింది. వీధిలో బతికే మనిషి అనుభవం దాన్ని సరిదిద్దింది. సానుభూతి తప్పేమీ కాదు. కానీ దానికి తెలియని విషయాలు ఉంటాయి. అవి తెలిసినవాళ్ల దగ్గర కొలత తీసుకోవాలి.

ఇదే దారిలో ఆయనకు ముందు నడిచిన వాళ్లు ఉన్నారు. పోలండ్ నుంచి వచ్చిన క్రిస్టోఫ్ వొడిచ్కో 1988, 1989లలో న్యూయార్క్‌లో ఇల్లు లేనివాళ్లతో మాట్లాడి 'హోమ్‌లెస్ వెహికల్' చేశారు. పగలు ఖాళీ డబ్బాలు, సీసాలు ఏరుకునే బండి అది. రాత్రి అదే పడక.

పోలీసుల టేపు

న్యూయార్క్‌లో నగర స్థలాల్లో గుడారాలు వేయకూడదన్న నిబంధన ఉంది. మూడున్నర అడుగులు, అంతకన్నా ఎక్కువ ఎత్తున్నది గుడారం కింద లెక్క. అది తెలిసి రాకోవిట్జ్ ఒక మనిషి కోసం ఆ ఎత్తుకు లోబడిన పారాసైట్ చేశారు. మనిషి కూర్చోవడం కష్టమైనంత కిందికి. గుడారం అనడం కన్నా గాలి నింపిన పడక సంచి అనవచ్చు. పోలీసులు వచ్చి లేపబోయినప్పుడు ఆ మనిషి నిబంధన చెప్పాడు. వాళ్లు టేపు తెచ్చి కొలిచారు. ఎత్తు నిబంధనలోపే ఉంది.

ఈ సంఘటన నవ్వు తెప్పిస్తుంది. ఆ నవ్వు ఎక్కువసేపు నిలవదు. మనిషి వీధిలో ఉండటం చట్టానికి అభ్యంతరం కాలేదు. ఆ మనిషి నెత్తి మీద కప్పు లేవడమే అభ్యంతరమైంది. కప్పు ఎత్తు పెరిగేకొద్దీ అది ఇల్లవుతుంది, ఇల్లు హక్కు అడుగుతుంది. కనుక మూడున్నర అడుగుల దగ్గర గీత గీశారు.

ఈ గీత మనకు కొత్తది కాదు. పోరంబోకులో గుడిసె వేసుకున్న ప్రతి కుటుంబానికి ఇది తెలుసు. గుంజలు పాతినంతసేపూ ఎవరూ పలకరు. గోడ లేచినప్పుడు నోటీసు వస్తుంది. పైకప్పు ఆకు ఉన్నంతకాలం 'దయ', రేకు పడితే 'ఆక్రమణ'. మామిడి తోటలో కాపలా పాకకూ ఇదే సూత్రం. సీజన్ దాటి ఒక్క వారం ఉంటే అది అడగాల్సిన విషయమవుతుంది.

ఖర్జూరం డబ్బాలు

రాకోవిట్జ్ రెండో దారి నీడ నుంచి వలసకు వెళుతుంది. 2003 ఏప్రిల్‌లో అమెరికా సేనలు బాగ్దాద్‌ను ఆక్రమించినప్పుడు ఇరాక్ జాతీయ మ్యూజియం లూటీ అయింది. సుమారు 15,000 వస్తువులు పోయాయి. ఆ వస్తువులను ఒక్కొక్కటిగా మళ్లీ చేసే పనిని ఆయన 2007లో మొదలుపెట్టారు. ఆ పరంపర పేరు 'కంటికి కనబడని శత్రువు ఉండకూడదు'. పురాతన బాబిలోన్ ఊరేగింపు వీధి పేరుకు అర్థం అది. బొమ్మలను బంగారంతో, రాతితో చేయలేదు. పశ్చిమాసియా వలస కుటుంబాలు అమెరికా దుకాణాల్లో కొనుక్కునే తినుబండారాల పొట్లాలతో, అరబ్బీ పత్రికల కాగితంతో చేశారు.

దీనికి ముందు 2006లో న్యూయార్క్ నగరంలోని బ్రూక్లిన్‌లో తాతగారి కంపెనీ పేరుతోనే ఒక దుకాణం తెరిచారు. 'రిటర్న్' అన్నది ఆ పని పేరు. ఇరాక్‌లో ఉన్న తమవాళ్లకు పొట్లాలు పంపుకోవాలనుకునేవాళ్లవి అక్కడి నుంచి ఉచితంగా పంపారు. మరోపక్క, ఇరాక్ పేరు రాసి ఉన్న ఇరాక్ ఖర్జూరాలను అమెరికాకు తెప్పించడానికి ప్రయత్నించారు. ఆంక్షల కాలంలో ఇరాక్ పంట వేరే దేశాల పేర్లతో డబ్బాల్లోకి ఎక్కేది. తెప్పించిన మొదటి సరుకు లారీ జోర్డాన్ సరిహద్దులో, దేశం వదిలి పారిపోతున్న జనం వరసలో ఇరుక్కుపోయింది. పండు గమ్యం చేరలేదు, పాడైపోయింది. తర్వాత కొద్ది పెట్టెలు మాత్రం విమానంలో రాగలిగాయి.

పండు, మనిషి ఒకే సరిహద్దు దగ్గర ఒకే వరసలో నిలబడిన ఆ దృశ్యం నూజివీడు వాళ్లకు త్వరగా అర్థమవుతుంది. కాయ ఏ తోటలో కాసిందో డబ్బా మీద ఉండవచ్చు, ఉండకపోవచ్చు. ఎవరి చేతుల మీదుగా దిగిందో ఏ డబ్బా మీదా ఉండదు. ఇరాక్‌లో 1970ల నాటికి సుమారు 3 కోట్ల ఖర్జూర చెట్లు ఉండేవని లెక్క. యుద్ధాల్లో, ఉప్పునీటిలో, నిర్లక్ష్యంలో సగానికి పైగా పోయాయి. చెట్టు పోతే దాని కింద బతికినవాళ్లు కూడా కదలాల్సిందే.

ఖాళీ దిమ్మె మీద నీనెవె

లండన్‌లోని ట్రఫాల్గర్ స్క్వేర్‌లో నాలుగు పెద్ద దిమ్మెలు ఉన్నాయి. మూడింటి మీద రాజు, సేనాపతుల విగ్రహాలు. నాలుగోది 1841 నాటిది. నాలుగో విలియం రాజు విగ్రహం కోసం కట్టారు, డబ్బు చాలక ఖాళీగా వదిలేశారు. ఈ మధ్య కాలంలో దాని మీద సమకాలీన శిల్పాలను వంతులవారీగా పెడుతున్నారు. 2018 మార్చి 28న అక్కడ రాకోవిట్జ్ శిల్పం ఆవిష్కరించారు. రెండేళ్లు అక్కడే ఉంది.

అది లమస్సు. మనిషి తల, ఎద్దు శరీరం, రెక్కలు ఉన్న కాపలా దేవత. అసలు విగ్రహం సుమారు క్రీస్తుపూర్వం 700 నుంచి నీనెవె నగరంలో నెర్గల్ ద్వారం దగ్గర ఉండేది. ఆ నగర శిథిలాలు ఇప్పటి మోసుల్‌లో ఉన్నాయి. 2015లో ఐసిస్ ముఠా దాన్ని పగలగొట్టింది. రాకోవిట్జ్ దాన్ని అసలు కొలతలకు దగ్గరగా మళ్లీ నిలబెట్టారు. వాడినవి 10,500 ఖాళీ ఖర్జూరపు పాకం డబ్బాలు. విగ్రహం వెనక నేషనల్ గ్యాలరీ, ముఖం ఆగ్నేయం వైపు. అంటే బ్రిటన్ పార్లమెంటు మీదుగా, దూరాన ఉన్న తన ఊరి వైపు.

నీనెవె పేరు మన వాడల్లోని చర్చిలకు కొత్త కాదు. యోనా కథ తెలియని ఆదివారపు బడి పిల్లలు ఉండరు. యోనా ఆ ఊరి బయట పందిరి వేసుకుని కూర్చోవడం, అతనికి నీడగా సొరచెట్టు లేవడం, తెల్లారేసరికి పురుగు దాన్ని తొలిచేయడం అందులో ఉంది. నీడ పోయాక యోనాకు వచ్చిన కోపం కూడా ఉంది. కాపలాదారు విగ్రహమే ఇల్లు పోగొట్టుకుని పరదేశంలో డబ్బా రేకులు కప్పుకుని నిలబడితే ఎలా ఉంటుందో ఆ దిమ్మె చూపించింది.

దిమ్మె అన్నది కూడా మనకు బాగా తెలిసిన మాట. ఆంధ్ర పల్లెల్లో అంబేడ్కర్ విగ్రహం మీద గొడవ చాలాచోట్ల విగ్రహంతో మొదలుకాదు, దిమ్మె కట్టే స్థలంతో మొదలవుతుంది. ఎవరి విగ్రహం ఎక్కడ నిలబడాలన్నది ఎవరు ఎక్కడ నిలబడాలన్న ప్రశ్నే. వాడ మొదట్లో నీలం కోటు వేసుకుని వేలు చూపే ఆ సిమెంటు విగ్రహం మన బహిరంగ శిల్పం. దాన్ని చందాలు వేసుకుని పెట్టుకున్నవాళ్లు కళా చరిత్రలో లేరు.

అనుమానాలు

రాకోవిట్జ్ పని మీద అనుమానాలు లేకపోలేదు, ఉండాలి కూడా. 5 డాలర్ల సంచి ఇల్లు చూసి ప్రభుత్వం 'ఇదీ ఒక మార్గమే' అంటే? ఇల్లు లేనితనం కళగా మారి మ్యూజియం గోడ మీదికి ఎక్కితే, ఆ పేరు శిల్పికి మిగిలి, చలి ఆ మనిషికే మిగిలితే? పారాసైట్ పరిష్కారం కాదని, సమస్య కనబడేలా చేసే నిరసన అని ఆయనే చెబుతూ వచ్చారు. ఆ జవాబు సగం అనుమానాన్ని తీరుస్తుంది. మిగతా సగం తీర్చాల్సింది కళ కాదు, రాజకీయం.

మన దేశంలోనూ వలస మీద బహిరంగ శిల్పం వచ్చింది. 2020 లాక్‌డౌన్‌లో లక్షల మంది కాలినడకన ఊళ్లకు వెళ్లారు. ఆ ఏడాది దసరాకు కోల్‌కతాలోని బరిషా క్లబ్ పందిట్లో శిల్పి పల్లవ్ భౌమిక్ దుర్గను వలస కూలీ తల్లిగా చేశారు. చేతుల్లో ఆయుధాలు లేవు, చంకలో బిడ్డ. దేశమంతా ఆ బొమ్మను మెచ్చుకుంది. మాకు కూడా అది నచ్చింది. అయినా ఒక తేడా గమనించాలి. తల్లిని దేవతను చేసినప్పుడు మనం దండం పెడతాం. గుడారానికి కిటికీ ఎక్కడ పెట్టాలని ఆమెను అడిగినప్పుడు మనం వినాల్సి వస్తుంది.

ఇంకో తేడా కులానిది. బోస్టన్ వీధిలోని మనిషికి కప్పు లేదు. మన వాడలకు కప్పు ఉంది. ఊళ్లో చోటు లేదు. 1917లో అంబేడ్కర్ కొలంబియాలో చదువుకుని, బరోడా సంస్థానంలో ఉద్యోగంలో చేరడానికి వచ్చారు. చేతిలో జీతం ఉంది, చదువు ఉంది, గది మాత్రం దొరకలేదు. కులం దాచి పార్సీల సత్రంలో ఉంటే కర్రలతో వచ్చి ఖాళీ చేయించారు. స్నేహితుల ఇళ్లలోనూ చోటు దొరకక ఆ రోజు ఒక తోటలో గడిపి రైలెక్కి బొంబాయి వెళ్లిపోయారు. ఇల్లు లేనితనం పేదరికం వల్లే వస్తుందనుకునేవాళ్లకు ఆ తోట జవాబు.

మనం నిలబెట్టుకున్నవి

1985 జూలై 17న కారంచేడులో ఆరుగురు మాదిగలను చంపాక మిగిలినవాళ్లు చీరాల చేరారు. శిబిరంలో బతికారు. వెనక్కి వెళ్లమని, చీరాలలోనే స్థలం ఇవ్వాలని పట్టుబట్టారు. అలా విజయనగర్ కాలనీ వచ్చింది. దళిత మహాసభ పుట్టుకకూ ఆ శిబిరమే నేల. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిది మందిని చంపాక, వాళ్లను ఊరి బయట కాకుండా ఊరి నడుమ సమాధి చేశారు. ఆ చోటుకు రక్తక్షేత్రం అని పేరు. బతికినన్నాళ్లూ ఊరి బయట ఉంచినవాళ్లను చనిపోయాక నడిమధ్యకు తెచ్చిన ఆ నిర్ణయాన్ని మేం తెలుగు నేల మీది గొప్ప బహిరంగ స్మారకాల్లో ఒకటిగా లెక్కిస్తాం.

2016 జనవరి మొదట్లో హైదరాబాద్ విశ్వవిద్యాలయంలో హాస్టళ్ల నుంచి వెలివేసిన ఐదుగురు దళిత పరిశోధక విద్యార్థులు పరుపులు, అంబేడ్కర్ పటం ఎత్తుకుని షాపింగ్ కాంప్లెక్స్ దగ్గర బయటే మకాం పెట్టారు. ఉద్యమ నాయకుల బొమ్మలున్న ఫ్లెక్సీలే గోడలు. దానికి పేరు వెలివాడ. ఆ నెల 17న రోహిత్ వేముల చనిపోయాక ఆ ఫ్లెక్సీ గోడలను దేశం చూసింది. దాన్ని కట్టినవాళ్లు శిల్పులం అనుకోలేదు. కానీ రాకోవిట్జ్ గుడారం చేసిన పనినే అది ఇంకా పదునుగా చేసింది. ఎవరు తరిమారో, ఎక్కడికి తరిమారో, తరిమినవాళ్ల గుమ్మం ముందే నిలబడి చూపించింది. గోడలు పారదర్శకం కాకపోయినా లోపల ఉన్నది ఎవరో అందరికీ కనబడింది.

మళ్లీ తోటలోకి వద్దాం. వలస కార్మికులకు కాంట్రాక్టర్ తగిన వసతి చూపించాలని 1979లో అంతర్రాష్ట్ర వలస కార్మికుల చట్టం చెప్పింది. అది రాష్ట్రం దాటి వచ్చినవాళ్ల గురించి. పక్క మండలం నుంచి నాలుగు నెలలు తోటలో కాపురం పెట్టే కుటుంబం ఆ చట్టం కళ్లకు వలస కాలేదు. వాళ్ల పాకకు ఎత్తు ఎంత ఉండాలో, వెలుతురు ఎటు నుంచి రావాలో, రాత్రి పాము వస్తే బిడ్డను ఎక్కడ పడుకోబెట్టాలో, ఆడవాళ్లు స్నానానికి ఎక్కడికి వెళ్లాలో, మందు కొట్టిన రోజు గాలి ఎటు పోవాలో వాళ్లకు తెలుసు. అడిగిన కాగితం ఒక్కటీ లేదు. కౌలు ఒప్పందంలో చెట్ల లెక్క ఉంటుంది, కాపు ధర ఉంటుంది, పాక ఉండదు.

రాకోవిట్జ్ దగ్గర నేర్చుకోవాల్సింది ప్లాస్టిక్ అతికించే పద్ధతి కాదు. నల్ల సంచిని పక్కన పెట్టి మళ్లీ మొదలుపెట్టడం. మన సంఘాలు, ఇంజనీరింగ్ చదివే మన పిల్లలు, నూజివీడు ట్రిపుల్ ఐటీలో ఉన్నవాళ్లతో సహా, ఈ పని చేయవచ్చు. వచ్చే సీజన్‌లో పాకలు లేచేటప్పుడు ఒక టేపు పట్టుకుని తోటలోకి వెళ్లవచ్చు. న్యూయార్క్ పోలీసులు తెచ్చిన టేపులాంటిదే. ఈసారి దాని రెండో కొసను పాకలో ఉండే మనిషి చేతికి ఇవ్వాలి. ఎంత ఎత్తు కావాలో ఆమెనే చెప్పనివ్వాలి.